తల్లి ఉన్న పిల్లవాడికి డబ్బాపాలు

ఆ రోజుల్లో చంటిపిల్లల పాలడబ్బా ఒకటి కొనాలంటే ఒక గొర్రెపిల్లను అమ్ముకోవాల్సి వచ్చేది. ఇది నేను లెక్కగట్టి చెబుతున్న మాట కాదు. యర్రగొండపాలెం పక్క పల్లెలో గొర్రెలు కాసుకునే ఒక అవ్వ సర్కారు డబ్బా ఇప్పించమని నాతో పోట్లాడుతూ అన్న మాట. "ఒగ డబ్బా అంటే ఒగ పిల్ల అమ్మీ. ఈ లెక్కన ఏడు తిరిగేలోపల మా మందంతా ఈ బిడ్డ కడుపులోకే పోతాది. అప్పుడు దీన్నేం పెట్టి సాకేది?" అని నిలదీసింది.

కొత్తగా ఉద్యోగాల్లో చేరిన నర్సు అమ్మాయిలు అప్పుడప్పుడు నన్ను పలకరించడానికి వస్తుంటారు. మీ కాలంలో ఏమేం ఉండేవి అని అడుగుతారు. ఏం ఉండేవి తల్లీ! రాష్ట్రం ఏర్పడి ఇంకా ఎంతో కాలం కాలేదు. పంచాయతీ సమితులు అప్పుడప్పుడే వచ్చాయి. మార్కాపురం తాలూకా ఇంకా కర్నూలు జిల్లాలోనే ఉండేది. పైఆఫీసు వాళ్ళు మా దగ్గరికి రావాలంటే నల్లమల దాటి రావాలి, కాబట్టి తరచుగా వచ్చేవారు కాదు. అది మాకు ఒక కష్టం, ఒక సుఖం కూడా. నేను యర్రగొండపాలెం ఆరోగ్య కేంద్రంలో మిడ్‌వైఫ్‌ని. నాతోపాటు ఒక డాక్టరు గారు, ఊరి పక్క క్రైస్తవుల పాలెం నుంచి వచ్చే ఒక ఆయమ్మ. డాక్టరు గారు మంచివాడే కాని, మాట్లాడాల్సిన చోట కళ్ళజోడు తుడుచుకుంటూ కూర్చునే రకం. నాకేమో నోరు ఊరుకోదు. ఆయన మాట్లాడాల్సినవి కూడా నేనే మాట్లాడి తిట్లు తింటుండేదాన్ని.

సర్కారు పాలు రెండు రకాలుగా వచ్చేవి. ఒకటి, విదేశాల నుంచి మూటల్లో వచ్చే వెన్న తీసిన పాలపొడి. అది ఉచితం, కావలసినంత ఉండేది. గర్భిణులకు, పాలిచ్చే తల్లులకు, ఏడాది దాటిన పిల్లలకు ఇవ్వాలి. ఏడాది లోపు పిల్లలకు మాత్రం ఇవ్వకూడదు, అందులో వెన్న లేదు కాబట్టి వాళ్ళకు చాలదు. రెండోది, బజార్లో అమ్మే చంటిపిల్లల పాలడబ్బా. దాన్ని సర్కారు కూడా డబ్బు పోసి కొనాల్సిందే. అందుకని అది తల్లి చచ్చిపోయిన బిడ్డలకు మాత్రమే, అదీ పైనుంచి మంజూరయితేనే. ఖాళీ డబ్బా తెచ్చి చూపిస్తే కొత్తది ఇవ్వాలి. లేకపోతే అవి కాఫీ హోటళ్ళకు పోతాయని వాళ్ళ భయం. ఆ భయంలో తప్పేమీ లేదు. నేను అలాంటి హోటల్లో కాఫీ తాగినదాన్నే.

అవ్వకు ఇద్దరు కొడుకులు, ఇద్దరు కోడళ్ళు. పెద్దకోడలు ఆడపిల్లను కని, జ్వరం తగ్గక, పురుడు వెళ్ళకముందే పోయింది. మేం చేయగలిగిందంతా చేశాం, చేయలేనిది చాలా ఉంది. అప్పటికి చిన్నకోడలి ఒళ్ళో ఒక మగపిల్లవాడు ఉన్నాడు, ఆరోనెల పిల్లవాడు. కర్మ కాగానే అన్నదమ్ములిద్దరూ మందను తోలుకుని నల్లమలలోకి పోయారు. పైన ఎండలు, ఊరి చుట్టూ ఎక్కడా గడ్డిపరక లేదు, వాళ్ళకు గత్యంతరం లేదు. ఇంట్లో మిగిలింది అవ్వ, చిన్నకోడలు, ఇద్దరు పసివాళ్ళు. మేకపాలు పడదామన్నా ఇంట్లో మేక లేదు.

"మీ చిన్నకోడలు పాలిచ్చే మనిషే కదా, ఈ బిడ్డకు కూడా కాస్త పట్టదా?" అని నేను మొదట్లోనే అడిగాను.

"దాని పాలు దాని కొడుక్కే సాలవు," అంది అవ్వ, తల తిప్పుకుని.

బయటికి వచ్చాక ఆయమ్మ నా చెవిలో ఊదింది. "మీకు తెలవదు అమ్మగారూ. ఆ తోడికోడళ్ళకు పడేది కాదు. నీళ్ళ బాయికాడ జుట్లు పట్టుకున్నారంట. ఆ పిల్లను ఈమె ఎత్తుకుంటాదా?"

నేను నమ్మాను. నమ్మి, డాక్టరు గారి వెంటపడి, తల్లి లేని బిడ్డ అని రాయించి డబ్బాలు మంజూరు చేయించాను. అవ్వ ఖాళీ డబ్బాను, పాపను పట్టుకుని వచ్చేది. పాపను తూచేదాన్ని. తూచినప్పుడల్లా పాప బరువు పెరుగుతూనే ఉంది. బుగ్గలొచ్చాయి, మణికట్టు దగ్గర మడతలొచ్చాయి. నాకు గర్వంగా ఉండేది. మా కేంద్రంలో డబ్బాపాలతో ఒక తల్లి లేని బిడ్డ ఇంత బాగా పెరుగుతోందని పైకి కాస్త డాబుగానే రాశాం. ఆ డాబే మా కొంప మీదికి తెచ్చింది.

సమితి వాళ్ళు ఆ ఏడు పశు ప్రదర్శన, శిశు ప్రదర్శన రెండూ ఒకేరోజు ఒకే మైదానంలో పెట్టారు. ఖర్చు కలిసొస్తుందని వాళ్ళ ఆలోచన. ఒక పక్క పొట్టేళ్ళు, ఎద్దులు, ఇంకో పక్క పందిరి కింద స్నానాలు చేయించి కాటుక పెట్టిన పిల్లలు. మైకులో ఒకే ఆయన రెండింటికీ అరుస్తున్నాడు. ఒకసారి పొరపాటున పొట్టేలు యజమానిని పిలిచి పిల్లల పందిట్లోకి రమ్మన్నాడు, ఆయన పొట్టేలుతో సహా వచ్చేశాడు.

మేం రాసిన గొప్ప చదివి, కర్నూలు నుంచి ఆఫీసరు గారు జీపులో స్వయంగా వచ్చారు. మా పాపకు మొదటి బహుమతి వచ్చింది. మార్కాపురం దుకాణదారు ఒకాయన దానంగా ఇచ్చిన పాలడబ్బాయే ఆ బహుమతి. అవ్వ జనాన్ని చూసి బెదిరి వెనక్కి తగ్గింది. చిన్నకోడలు పాపను ఎత్తుకుని, చంకలో తన కొడుకును ఇరికించుకుని వేదిక ఎక్కింది. ఆఫీసరు గారు డబ్బా ఆమె చేతిలో పెట్టి, మైకు ఆమె ముందుకు జరిపారు.

"డబ్బాపాలు ఎలా కలుపుతావో, రోజుకు ఎన్నిసార్లు పడతావో ఈ తల్లులందరికీ చెప్పమ్మా," అన్నారు.

ఆమె నదురూ బెదురూ లేకుండా చెప్పింది. "ఈ బిడ్డకు డబ్బా యాడ పడతాం అన్నా? ఈమె నా కాడ తాగుతాది. డబ్బా వీనికి," అని చంకలో పిల్లవాణ్ణి ముందుకు తిప్పి చూపించింది.

పందిరి కింద ఎవరో నవ్వారు. ఆఫీసరు గారికి అర్థం కాలేదు. "వీడెవరు?"

"నా కొడుకన్నా. గొర్రెల్లో అట్లే గదా జేస్తాం. తల్లి సచ్చిన పిల్లను ఇంగొక తల్లి కాడ ఇడుస్తాం. దాని సొంతపిల్ల కొంచెం పెద్దదైతే దానికి పైపాలు పడతాం. సిన్నపాటి దానికి పొదుగు ఉండాల్సిందే. లేకపోతే నిలబడదు."

గొర్రెల కాపరులు అటువైపు నుంచి నిజమే నిజమే అన్నట్టు తలలూపారు. వాళ్ళకు ఇందులో వింతేమీ లేదు. వింత మాకు. డాక్టరు గారు కళ్ళజోడు తీసి తుడుచుకోవడం మొదలుపెట్టారు.

తర్వాత పందిరి వెనక ఆఫీసరు గారు మా ఇద్దరినీ నిలబెట్టి కడిగేశారు. "తల్లి ఉన్న పిల్లవాడికి సర్కారు డబ్బా పోస్తున్నారు మీరు! జిల్లా మొత్తానికి వచ్చే డబ్బాలు ఎన్నో మీకు తెలుసా? ఇక్కడ ఒకటి పక్కదారి పడితే ఆదోనిలో తల్లి లేని బిడ్డకు ఒకటి తగ్గుతుంది. ఆ బిడ్డకు మీరు జవాబు చెబుతారా? ఈరోజు నుంచి ఆ ఇంటికి డబ్బా ఆపేయండి. కావాలంటే పాపకే డబ్బా పట్టమనండి, పిల్లవాణ్ణి వాళ్ళమ్మ దగ్గరికి చేర్చమనండి."

ఆయన్ను తిట్టుకోవడం తేలిక. నేను కొన్నాళ్ళు తిట్టుకున్నాను కూడా. కాని ఆదోని బిడ్డ మాట అబద్ధం కాదు. అంత ఖరీదైన వస్తువును పంచిపెట్టే చోట కూర్చున్నవాడికి, ఒకరికి ఇచ్చినప్పుడల్లా ఇంకొకరి చేతిలోంచి లాగినట్టే ఉంటుంది. మీరూ రేపు ఆ కుర్చీల్లో కూర్చుంటారు కాబట్టి చెబుతున్నాను. బహుమతి డబ్బాను మాత్రం ఆయన వెనక్కి అడగలేకపోయారు, అంతమంది ముందు ఇచ్చినది కదా.

నాకు తిక్క రేగింది, ఆఫీసరు మీద కాదు, ఆ చిన్నకోడలి మీద. ఇన్నాళ్ళూ నన్ను వెర్రిదాన్ని చేసిందని విసవిసా వెతుక్కుంటూ పోయాను. వాళ్ళు ఒక బండి నీడన కూర్చుని ఉన్నారు. ఆమె పాపకు పాలిస్తోంది. అవ్వ పిల్లవాడికి సీసా పడుతోంది. నేను తిట్టడానికి నోరు తెరిచి, ఆ సీసా చూసి ఆగిపోయాను. అందులో ఉన్నవి పాలు కావు. కడిగిన గిన్నెలో నీళ్ళు ఆ రంగులో ఉంటాయి.

"ఇంత పలచనా?" అన్నాను.

"మీరిచ్చే డబ్బా సిన్నబిడ్డ కొలతకు అమ్మీ. వీడు పెద్దోడు. సిక్కగా కలిపితే నాలుగు దినాలకు అయిపోతాది. అందుకే నీళ్ళు కలుపుతా. వీనికని జెబితే మీరు ఇయ్యరు గదా," అంది అవ్వ.

పిల్లవాణ్ణి ఎత్తుకున్నాను. చేతికి బరువే తగల్లేదు. నేరుగా పందిట్లోకి తీసుకెళ్ళి ప్రదర్శన త్రాసులో పడుకోబెట్టాను. పాపకంటే అయిదారు నెలలు పెద్దవాడు, పాపకంటే తక్కువ తూగాడు. ఇన్నాళ్ళూ మా కేంద్రంలో ఎవరూ ఆ పిల్లవాణ్ణి తూచలేదు. వాడికి తల్లి ఉంది కదా. వాడు మా లెక్కలోకి రాడు.

మళ్ళీ బండి దగ్గరికి వచ్చాను. "పదకొండో నెల పిల్లవాడికి ఇంకా సీసా ఏంటి? కాస్త జావ, ఇంత మెత్తని బువ్వ పెట్టకూడదా? డబ్బాతో పనే ఉండదు కదా!"

అవ్వ నన్ను వింతగా చూసింది. "వీనికి ఇంకా బువ్వ ముట్టియ్యలేదు గదా."

"ఎందుకు ముట్టించలేదు?"

"ఆరో నెల్లో ముట్టియ్యాల. ఆ నెల్లోనే పెద్దది పాయె. ఇంట్లో మనిషి పోయినాంక ఏడు తిరిగేదాంక శుభం జేస్తారా ఎవరన్నా?"

అప్పటికి నాకు విషయం బోధపడింది. వాళ్ళింట్లో ఒక చావు. అందువల్ల ఏడాదిపాటు శుభకార్యం లేదు. శుభకార్యం లేదు కాబట్టి పిల్లవాడికి అన్నప్రాసన లేదు. అన్నప్రాసన కాలేదు కాబట్టి వాడికి గింజ పెట్టకూడదు. అందుకని గొర్రెపిల్ల ఖరీదు చేసే పాలను నీళ్ళలా చేసి, వాడి ప్రాణం నిలబెడుతున్నారు. ఇంట్లో రాగులు బానలో ఉన్నాయి.

"దానికీ దీనికీ ఏం సంబంధం? ఇవాళే పెట్టేయ్ రెండు ముద్దలు," అన్నాను విసుగ్గా.

"దేవునికి జూపకుండా, మేనమామ చేత పెట్టియ్యకుండా, దొంగతనంగా పెడతామా మొదటి బువ్వ?" అవ్వ పిల్లవాణ్ణి నా చేతుల్లోంచి తీసుకుంది. "ఒగదాన్ని పోగొట్టుకున్న కొంప అమ్మీ. ఇంగ వీనికేమన్నా అయితే నేను యాడ తల పెట్టుకునేది?"

ఆమెను మూర్ఖురాలని కొట్టిపారేయడం నాకు ఇష్టం లేకపోయింది. ఆమె భయం నాకు తెలిసిన భయమే. ఆ పెద్దకోడలి చెయ్యి చివరిదాకా పట్టుకుని కూర్చున్నది నేనూ ఆమే. అందుకని గొంతు తగ్గించి, చిన్నకోడలి పుట్టింట్లో అయితే మైల ఉండదు కదా, అక్కడ చేయించమన్నాను.

ఈసారి చిన్నకోడలు మాట్లాడింది. "మా పుట్టిల్లు బేస్తవారిపేట దగ్గర అక్కా. నేను పోతే ఈ బిడ్డకు పాలెవరిస్తారు? ఎత్తకపోదామంటే, సావింట్లో బిడ్డను తెచ్చినావేందని మా వాళ్ళు గడప తొక్కనియ్యరు."

"ఊళ్ళో ఇంకెవరింట్లోనైనా?"

"మా మైల మోసుకొని ఎవరింటికి పోయేది?" అంది అవ్వ.

నాకు మళ్ళీ తిక్క రేగి అన్నాను, "అయితే మా ఆసుపత్రికి రండి. అక్కడ రోజూ పుట్టేవాళ్ళు పుడుతుంటారు, పోయేవాళ్ళు పోతుంటారు. మైల పట్టించుకుంటే మేం తలుపులే తీయకూడదు."

కోపంలో అన్న మాట అది. అవ్వ మాత్రం దాన్ని కోపంగా తీసుకోలేదు. సీసా పక్కన పెట్టింది. "సర్కారు ఇల్లు," అంది మెల్లగా. "అది ఎవరి ఇల్లూ కాదు. దానికి మైల ఎట్ల అంటుకుంటాది?" తర్వాత, "పొద్దున పూటే జేయాల," అంది. అంతే, ఒప్పుకుంది.

బస్సు కండక్టరు చేత బేస్తవారిపేటకు మేనమామకు కబురు పంపాం. డాక్టరు గారు ఆసుపత్రి వరండాలో శుభకార్యం అంటే మొదట జంకారు. నేను కళ్ళజోడు ఆయన చేతికందకుండా తీసి పక్కన పెట్టాను. అప్పుడు ఒప్పుకున్నారు. చిన్నకోడలు పాలిచ్చే తల్లి అని మొదటినుంచీ తెలిసినా మాకు తోచలేదు, ఇప్పుడు ఆమె వంతు ఉచిత పాలపొడి ఆమెకు ఇచ్చాం. ఆ మనిషి ఇన్ని నెలలుగా అదీ లేకుండానే పాలిస్తూ వచ్చింది.

ఆ రోజు అవ్వ తన కుండ, తన రాగిపిండి, తన బెల్లం తెచ్చుకుంది. కేంద్రం వెనక మూడు రాళ్ళ పొయ్యి మీద తానే జావ కాచింది. ఆయమ్మ దూరంగా నిలబడి చూస్తూ, "అవ్వా, మా పాస్టరయ్యను కూడా పిలవనా, ఒక ప్రార్థన జేస్తాడు?" అని ఆటపట్టించింది.

"పిలువు. ఎవురు దీవిస్తే ఏమి, తగిలితే సాలు. ఆడ నిలబడి నవ్వేదానికి బదులు వచ్చి పొయ్యి ఊదు," అంది అవ్వ. ఆయమ్మ నవ్వడం ఆపి వచ్చి ఊదింది.

జావ చల్లారింది, మేనమామ మాత్రం రాలేదు. ఉదయం బస్సు వచ్చి పోయింది. అవ్వ ముఖం మాడిపోయింది. మేనమామ లేకుండా కుదరదంది. డాక్టరు గారిని పెట్టమంటే, "వద్దు, ఆయన నాకు కొడుకు వరస. నాయనా అని పిలుస్తి. వీనికి పెదనాయనైతాడు," అంది. ఇంక కుండ ఎత్తుకుని వెళ్ళిపోతుందేమో అని నేను దారికి అడ్డంగా నిలబడ్డాను.

అప్పుడు జీపు వచ్చింది. డబ్బా నిజంగా ఆపామో లేదో చూసుకోవడానికి ఆఫీసరు గారు దిగారు. వరండాలో పసుపు, ఆకులు, దీపం చూసి గుమ్మంలోనే నిలబడిపోయారు. "ఏమిటిదంతా?"

నేను చెప్పేలోపే చిన్నకోడలు లేచి నిలబడింది. "అన్న వచ్చినాడత్తా," అంది అవ్వతో. ఆ రోజు మైకు ముందు ఆయన్ను అన్నా అని పిలిచింది కదా. మా వైపు ఒకసారి వరస పెట్టి పిలిచారంటే అది ఊరికే అన్న మాట కాదు.

ఆఫీసరు గారికి సంగతి చెప్పాను. గింజ తింటే డబ్బా అక్కర్లేదని, గింజ తినాలంటే ఈ తతంగం జరగాలని, ఇది జరగాలంటే తమరు కూర్చోవాలని. ఆయన నన్ను ఎగాదిగా చూశారు. బూట్లు విప్పారు. పంట్లాము ఇబ్బంది పెడుతున్నా బాసింపట్టు వేసుకుని పిల్లవాణ్ణి ఒళ్ళో పెట్టుకున్నారు. వేలితో మొదటి జావ చుక్క నోట్లో పెట్టగానే వాడు నాలుకతో బయటికి తోసేశాడు. అవ్వ కళ్ళు మూసుకుంది. ఆయన గడ్డం తుడిచి మళ్ళీ పెట్టారు. ఈసారి వాడు కాసేపు నోట్లోనే ఉంచుకుని, మింగాడు. మింగి, ఆయన వేలు వదలకుండా పట్టుకుని, ఇంకా పెట్టమని కేక పెట్టాడు.

ఆఫీసరు గారు వెళ్ళేటప్పుడు మా బీరువాలో మిగిలిన డబ్బా అడిగి తీసుకున్నారు. ఆదోనికి పంపుతానన్నారు. ఇచ్చాను. పిల్లవాడి నెత్తి మీద చెయ్యి వేసి, "మళ్ళీ వచ్చినప్పుడు తూచి చూపించాలి నాకు," అన్నారు. తల్లి ఉన్న పిల్లవాడని మాత్రం ఈసారి అనలేదు.

జీపు పోయాక అవ్వ వాడికి జావ పెడుతుంటే, చిన్నకోడలు మాకు వీపు పెట్టి, గోడవైపు తిరిగి కూర్చుని పాపకు పాలిస్తోంది. వాడికి పెట్టడం మొదలైనప్పటి నుంచి ఆమె ఒక్కసారి కూడా ఇటు తిరగలేదు. "ఇటు చూడవే, నీ కొడుకు ఎట్లా తింటున్నాడో!" అన్నాను. తిరగలేదు. ముచ్చటపడాల్సిన సమయంలో ఈ బిగువేంటని దగ్గరికి పోయి కూర్చున్నాను. కళ్ళవెంట నీళ్ళు ధారగా కారుతున్నాయి.

"ఇన్ని నెలలు వాడు సీసా తాగేటప్పుడు వాని మొగం సూడలేదక్కా నేను," అంది. "అత్తకు ఇచ్చేసి ఇట్ల తిరిగి కూసునేదాన్ని. ఒగసారన్నా సూసింటే, ఈ బిడ్డను కింద పెట్టేసి వాన్నే ఎత్తుకునేదాన్ని."

గిన్నెలో ఇంకా కొంచెం జావ మిగిలి ఉంది. పాప అప్పటికే నిద్రలోకి జారుకుంటోంది. మెల్లగా పాపను నా ఒళ్ళోకి తీసుకుని, "పో, మిగిలింది నువ్వు పెట్టు," అన్నాను.